12 వేల గీతకు అటూ ఇటూ: ఒక రైస్ కార్డు కేసు

నేను పారా లీగల్ వాలంటీర్‌ని. నా దగ్గరకు వచ్చేవాటిలో సగానికి పైగా పింఛన్, రేషన్, ఆధార్ తిప్పలే. రైస్ కార్డుకి, అంటే ఆంధ్రా రేషన్ కార్డుకి, పట్టణాల్లో పెట్టిన నెలకి 12,000 ఆదాయ పరిమితి దగ్గర ఇరుక్కున్న ఈ కేసు 2025 జూన్‌లో వచ్చింది. పల్నాడు ప్రాంతంలో ఒక చిన్న మున్సిపాలిటీ. కుటుంబం సరేనన్నాకే రాస్తున్నాను. పేర్లు, వార్డు, ఆఫీసుల వివరాలు తీసేశాను. వార్డు సచివాలయాల్లో పనిచేసేవాళ్లకీ, మాలాగా ఊరి వాళ్ల కాగితాలు పట్టుకుని తిరిగేవాళ్లకీ పనికొస్తుందని కాస్త వివరంగానే రాస్తున్నాను.

ఇంట్లో ఎవరెవరు

కార్డులో ఐదు పేర్లున్నాయి. తల్లికి 58 ఏళ్లు, భర్త పోయి చాలాకాలమైంది. నెలకి 4,000 వితంతు పింఛన్ వస్తుంది. మిరప సీజన్‌లో కల్లాల్లో తాలు ఏరడానికి వెళ్తుంది, మిగతా నెలల్లో పని దొరికితే దొరికినట్టు. పెద్దకొడుకు మోటార్ వైండింగ్ షాపులో రోజుకూలీ. కోడలు ఇంట్లో మిషన్ కుడుతుంది. వాళ్లకి ఇద్దరు ఆడపిల్లలు. పెద్దపిల్ల పేరు కార్డులో ఉంది, చిన్నపిల్ల పేరు లేదు. ఐదో పేరు చిన్నకొడుకుది. పెళ్లి కాలేదు. మూడేళ్లుగా హైదరాబాద్‌లో హాస్టల్లో ఉంటూ ఒక ప్రైవేటు ఆఫీసులో డేటా ఎంట్రీ చేస్తున్నాడు.

2024 ఎన్నికల ముందు నుంచి కొత్త దరఖాస్తులు ఆగిపోయి, 2025 మే 7న మళ్లీ మొదలయ్యాయి. ఆ వారంలోనే కోడలు వార్డు సచివాలయానికి వెళ్లి రెండు పనులు అడిగింది. ఒకటి, తనకీ భర్తకీ పిల్లలకీ వేరే కార్డు. రెండు, అందులో చిన్నపిల్ల పేరు. కార్డు 21 రోజుల్లో వస్తుందన్నారు. రాలేదు. ఇంతలో జూన్ 12న తల్లికి వందనం (బడికెళ్లే పిల్లల తల్లులకి ప్రభుత్వం ఇచ్చే సాయం) డబ్బులు పడ్డాయి. ఒక్కో పిల్లకి 13,000 లెక్కన 26,000 రావాలి కదా అని చూసుకుంటే, సచివాలయం గోడకి అంటించిన అనర్హుల జాబితాలో తన పేరుంది. కారణం: విద్యుత్ 300 యూనిట్లు దాటింది.

నా దగ్గరకు వచ్చినప్పుడు ఆమె అడిగింది ఒకటే. "మా ఇంట్లో రెండు ఫ్యాన్లు, ఒక టీవీ, పాత ఫ్రిజ్. మిషన్ కూడా కాలుతో తొక్కేదే. 300 యూనిట్లు ఎట్లా కాల్చాం సార్?"

బియ్యం కేసు ఇలాగే వస్తుంది, బియ్యం పేరుతో రాదు. కుటుంబానికి నొప్పి తెలిసేది వేరే పథకం ఆగినప్పుడు. వడపోత మాత్రం అన్నిటికీ దాదాపు ఒకటే. అందుకే కార్డు దగ్గర పడ్డ ముడి పింఛన్‌ని, ఫీజు రీయింబర్స్‌మెంట్‌ని, బడి డబ్బుల్ని కూడా పట్టుకుంటుంది. ఆ ముసలావిడకి బియ్యం పోతాయన్న దిగులు లేదు, తన 4,000 ఎక్కడ పోతాయోనన్న టెన్షన్.

రూలు ఏమంటుంది

2013 జాతీయ ఆహార భద్రతా చట్టంలో ఆదాయ పరిమితి అంటూ ఏదీ లేదు. చాలామంది ఢిల్లీలో ఎవరో ఈ అంకె పెట్టారనుకుంటారు. చట్టం చెప్పేది ఎంతమందికి ఇవ్వాలన్నదే. దేశం మొత్తం మీద పల్లెల్లో 75 శాతం వరకూ, పట్టణాల్లో 50 శాతం వరకూ. అది రాష్ట్రాన్ని బట్టి మారుతుంది. ఆంధ్రప్రదేశ్ వాటా పల్లెల్లో 60.96 శాతం, పట్టణాల్లో 41.14 శాతం. మొత్తం సుమారు 2.68 కోట్ల మంది. ఆ మంది ఎవరో తేల్చే పని 10వ సెక్షన్ రాష్ట్రానికి వదిలేసింది. కేంద్రం కోటాలో పట్టని కార్డులకి రాష్ట్రం తన ఖర్చుతో బియ్యం ఇస్తుంది. రెండు రకాల కార్డులూ చూడ్డానికి ఒకేలా ఉంటాయి. తేడా ఎక్కడ బయటపడుతుందో తర్వాత చెప్తాను.

ఉమ్మడి రాష్ట్రంలో తెల్లకార్డుకి సంవత్సరాదాయం పల్లెల్లో 60 వేలు, పట్టణాల్లో 75 వేలు దాటకూడదనేవారు. 2019 చివర్లో నవశకం సర్వే జరిపి, రైస్ కార్డు పేరుతో కొత్త కొలతలు తెచ్చారు. నెలకి పల్లెల్లో 10,000, పట్టణాల్లో 12,000. దాంతోపాటు మాగాణి అయితే 3 ఎకరాలు, మెట్ట అయితే 10, రెండూ కలిసినా 10 దాటకూడదు. కరెంటు నెలకి 300 యూనిట్ల లోపు ఉండాలి. ఇంట్లో ప్రభుత్వోద్యోగి గానీ, ప్రభుత్వ పింఛనుదారు గానీ ఉండకూడదు. పారిశుధ్య కార్మికులకి మినహాయింపు. సొంత కారు ఉండకూడదు. ట్యాక్సీ, ఆటో, ట్రాక్టర్ ఉంటే ఫర్వాలేదు. ఆదాయపన్ను కట్టేవాళ్లు ఉండకూడదు. పట్టణాల్లో సొంత ఇల్లు వెయ్యి చదరపు అడుగులు దాటకూడదు. అందరూ దీన్ని ఆరంచెల పరిశీలన అంటారు, లెక్కపెడితే ఏడు వస్తాయి.

ప్రభుత్వం మారింది, కార్డు స్మార్ట్ కార్డయింది, ఇంటికొచ్చే బండి పోయి మళ్లీ చౌక డిపోకే వెళ్తున్నాం. 10,000, 12,000 మాత్రం అక్కడే ఉన్నాయి.

ఆ అంకెని ఎవరూ కొలవరు

నా అనుభవంలో ఈ వ్యవస్థ గురించి తెలుసుకోవాల్సిన మొదటి సంగతి ఇది. ఆదాయ పరిమితి రూలులో మొదటి వరుసలో ఉంటుంది. కానీ దాన్ని కొలిచే సాధనం ఎవరి దగ్గరా లేదు. కూలీకి జీతం స్లిప్పు ఉండదు. మిషన్ కుట్టే ఆవిడకి పద్దు ఉండదు. వార్డు రెవెన్యూ సెక్రటరీ వచ్చి "నెలకి ఎంతొస్తుందమ్మా" అంటే పదివేలు అంటారు, అదే రాసుకుంటారు. ఇద్దరికీ తెలుసు అది మాటవరసకని.

నిజంగా కొలిస్తే ఏమవుతుందో చూడండి. 2025-26లో ఆంధ్రప్రదేశ్‌కి ఉపాధి హామీ కూలీ రోజుకి 307 రూపాయలు. ఒక మనిషి నెలలో 26 రోజులు ఆ కూలీకి పనిచేస్తే 7,982. భార్యాభర్తలిద్దరూ చేస్తే 15,964. పల్లెల్లో గీత 10,000 దగ్గర ఉంది. అంటే ప్రభుత్వమే నిర్ణయించిన కూలీ రేటుకి ఇద్దరికీ నెలంతా పని దొరికితే ఆ ఇల్లు కాగితం మీద పేద ఇల్లు కాదు. నెలంతా పని దొరకదు కాబట్టి సరిపోతోంది, లేదా ఎవరూ గుచ్చి అడగరు కాబట్టి సరిపోతోంది.

కొలవలేని దాని బదులు కొలవగలిగినవి పెట్టారు: మీటరు, పొలం, కారు, పాన్. ఇవి కంప్యూటర్‌లో ఉంటాయి, ఆధార్‌తో కలుస్తాయి. అందుకే కార్డు ఆగిన ప్రతి కేసులో "మేం పేదవాళ్లం" అని రుజువు చేయడానికి కాగితాలు పోగేసుకుని వస్తారు. దాంతో పని ఉండదు. ఏ శాఖ రికార్డులో ఏ వరుస మీ ఆధార్‌కి అంటుకుందో కనుక్కోవాలి, ఆ శాఖ దగ్గరే దాన్ని విప్పించాలి. సచివాలయంలో ఎంత అరిచినా లాభం లేదు, వాళ్ల స్క్రీన్‌లో కనబడుతుందే గానీ మార్చే అధికారం ఉండదు. తహసీల్దారు ఇచ్చిన ఆదాయ ధ్రువపత్రం పెట్టినా మీటరు దగ్గర పడ్డ ఎర్రగీత చెరగదు.

అమెరికాలో స్నాప్ అనే ఆహార సాయానికి దీనికి తలకిందులైన పద్ధతి. అక్కడ ఆదాయాన్నే కొలుస్తారు. జీతం స్లిప్పులు చూసి, మామూలు ఇంటికి స్థూల ఆదాయం పేదరిక రేఖకి 130 శాతం లోపుందా అని, సంపాదనలో 20 శాతం, అద్దె భారం లాంటివి తీసేశాక నికరంగా 100 శాతం లోపుందా అని. అక్కడ ఇల్లు అంటే కలిసి సరుకులు కొనుక్కుని కలిసి వండుకునేవాళ్లు. ఆ కాగితాల గోల వాళ్లకీ ఉంది. కాకపోతే ఈ "ఇల్లు అంటే ఎవరు" అన్న ప్రశ్నని వాళ్లు ముందే అడుగుతారు. మా కేసు మొత్తం చివరికి ఆ ప్రశ్న దగ్గరే ఆగింది.

మీటరు

వాళ్లుండేది మూడు పోర్షన్ల ఇల్లు. పైన ఓనరు, కింద వీళ్లు, పక్కన ఇంకో కుటుంబం. మీటరు ఒక్కటే, ఓనరు పేరు మీద. ఓనరుకి ఏసీ ఉంది. నెలకి ఇంత అని అందరి దగ్గరా వసూలు చేసి బిల్లు ఆయనే కడతాడు. సర్వే రోజున ఇంట్లో ఉన్నది కోడలు. సర్వీసు నంబరు అడిగితే గోడకున్న మీటరు చూపించింది. అప్పటి నుంచి ఆ సర్వీసు ఆమె ఆధార్‌కి అంటుకుంది. సగటు నెలకి 410 యూనిట్లు.

ఇలాంటి కేసుల్లో అందరూ చేసే మొదటి వాదన "ఆ మీటరు మాది కాదు" అని. ఆ వాదన నిలబడదు. సొంతిల్లయినా అద్దె ఇల్లయినా వాడకం లెక్కలోకి వస్తుందని రూలే చెప్తోంది. విద్యుత్ సెక్షన్ ఆఫీసులో ఏఈ (అసిస్టెంట్ ఇంజినీరు) కూడా అదే అన్నాడు: వాళ్లుంటున్నది ఆ సర్వీసు మీదే కదా, ఆధార్ ఎందుకు తీసేయాలి? ఆయన మాట తప్పు కాదు. మేం పట్టుకోవాల్సింది వేరే కొస. 300 అన్నది ఒక కుటుంబానికి, ఈ మీటరు మూడు కుటుంబాలది.

అది నోటిమాటగా చెప్తే సరిపోదు. మూడు పోర్షన్లకి మూడు మీటర్లుంటే తప్ప ఎవరెంత కాల్చారో చెప్పే కాగితం పుట్టదు. ఓనరు ససేమిరా అన్నాడు. ఖర్చు, తిరుగుడు, రేపు అద్దెకున్నవాళ్లు మీటరు చూపించి ఇల్లు మాదంటారేమోనన్న భయం. రూల్స్ గురించి చెప్తే వినలేదు. బిల్లు లెక్క వేసి చూపిస్తే విన్నాడు.

2025-26లో మన దగ్గర గృహ వినియోగానికి మొదటి 30 యూనిట్లకి 1.90, తర్వాతి 45కి 3 రూపాయలు, 76 నుంచి 125 వరకూ 4.50, 225 వరకూ 6, 400 వరకూ 8.75, ఆపైన 9.75. 410 యూనిట్లు ఒకే మీటరు మీద నడిస్తే ఎనర్జీ చార్జీలే సుమారు 2,646. అదే వాడకాన్ని ఓనరుకి 210, వీళ్లకి 110, పక్క పోర్షన్‌కి 90గా విడగొడితే 927, 349.50, 259.50. మొత్తం 1,536. ఫిక్స్‌డ్ చార్జీలు కాస్త పెరిగినా, ఒక ఇంట్లో నెలకి వెయ్యి రూపాయల దాకా గాలికి పోతోంది. 8.75 స్లాబులో నడుస్తున్న యూనిట్లన్నీ కిందికి దిగొస్తాయి. ఈ లెక్క ఎక్కడైనా పనికొస్తుంది. పోర్షన్లున్న ఇంటి ఓనర్లని కదిలించేది ఇదే.

కొత్త సర్వీసు వచ్చాక దాన్ని కోడలు ఆధార్‌కి కలిపి, పాతదాన్ని విప్పమని దరఖాస్తు ఇచ్చాం. జత చేసినవి: ఓనరు ఒప్పుకోలు లేఖ, అద్దె ఒప్పందం, పాత సర్వీసు ఏడాది బిల్లులు, కొత్త సర్వీసు మంజూరు కాగితం. ఏఈ ఈసారి మారుమాట్లాడలేదు. ఆయన దగ్గర మార్చడానికి ఒక కారణం, దానికో కాగితం ఉన్నాయి. సిబ్బందిని మనం మొండివాళ్లనుకుంటాం గానీ, రేపు ఆడిట్‌లో చూపించుకోవడానికి ఏదో ఒకటి చేతిలో పెడితే చాలామంది చేస్తారు.

ఇక్కడే ఇంకో మాట. పొలం కేసులు కూడా ఇలాగే ఉంటాయి. తాత పేరున 12 ఎకరాల మెట్ట, ముగ్గురు కొడుకులు నోటిమాటగా పంచుకుని దున్నుకుంటుంటారు, మ్యుటేషన్ (రికార్డులో పేరు మార్పు) జరగదు. వెబ్‌ల్యాండ్ అనే ఆన్‌లైన్ భూరికార్డులో ఆ ఖాతా ఒకరి ఆధార్‌కి కలిసిందంటే 12 ఎకరాలూ ఆ ఒక్క ఇంటివే. దానికి మందు కార్డు దరఖాస్తులో లేదు, పాసు పుస్తకం విడగొట్టించుకోవడంలో ఉంది. ఈ కుటుంబానికి సెంటు భూమి కూడా లేదు కాబట్టి ఆ బెడద తప్పింది.

పన్ను కట్టని పన్ను చెల్లింపుదారు

మీటరు తేలిందనుకునేలోపు రెండో ఎర్రగీత కనబడింది. కుటుంబంలో ఆదాయపన్ను చెల్లింపుదారు ఉన్నారు. చిన్నకొడుకు.

ఫోన్ చేస్తే ఆ అబ్బాయి నవ్వాడు. అతని జీతం 22,000. ఆఫీసు అతన్ని ఉద్యోగిగా చూపించదు, కన్సల్టెంట్‌గా చూపిస్తుంది. పీఎఫ్ కట్టక్కర్లేదు కదా. (అది వేరే కేసు. కార్మిక శాఖ దగ్గర తేలాల్సింది.) కన్సల్టెంట్ కాబట్టి 194జే సెక్షన్ కింద 10 శాతం టీడీఎస్ కోసి 19,800 చేతికిస్తారు. ఏడాదికి ఆదాయం 2,64,000, కోత 26,400. ఆ ఏడాది కొత్త పన్ను విధానంలో 3 లక్షల దాకా పన్నే లేదు. అంటే అతను కట్టాల్సింది సున్నా. కోసిన 26,400 వెనక్కి రావాలంటే రిటర్ను వేయాలి. వేశాడు, డబ్బు వచ్చింది. రూపాయి పన్ను కట్టని ఆ రిటర్ను వల్లే ఇల్లు పన్ను కట్టే ఇల్లయి కూర్చుంది.

ఇది ఈ అబ్బాయికి మాత్రమే వచ్చిన కష్టం కాదు. బండి లోనుకో, ముద్ర లోనుకో వెళ్తే ఏజెంటు "రెండేళ్ల ఐటీఆర్ (ఆదాయపన్ను రిటర్ను) వేసేయండి" అంటాడు. సున్నా పన్నుతో వేస్తారు. తర్వాతెప్పుడో అమ్మ పింఛన్ ఆగుతుంది. ఈ రెండిటికీ లంకె ఉందని ఎవరికీ తట్టదు.

వాదన సులువే. రూలు పన్ను కట్టేవాళ్లని వద్దంటోంది, రిటర్ను వేసేవాళ్లని కాదు. టీడీఎస్ అనేది ముందుగా పట్టుకునే మొత్తం, ఏడాది లెక్క తేలాకే అది పన్నా కాదా అన్నది తెలుస్తుంది. దీనికి సాక్ష్యం ఐటీ శాఖే ఇస్తుంది. రిటర్ను ప్రాసెస్ అయ్యాక 143(1) కింద పంపే ఇంటిమేషన్‌లో చెల్లించాల్సిన పన్ను సున్నా అని, రీఫండ్ ఇంత అని స్పష్టంగా ఉంటుంది. 26ఏఎస్ (పాన్ మీద కోసిన పన్నుల పట్టిక) ఒక్కటే పెడితే ఎదురు తిరుగుతుంది, అందులో కోత మాత్రమే పెద్దగా కనబడుతుంది. ఇంటిమేషన్, రీఫండ్ జమైన బ్యాంకు పేజీ, రెండూ కలిపి పెట్టాలి.

కాగితాలు సిద్ధమయ్యాయి. ఇచ్చేద్దామనుకుంటుండగా నాకు అసలు చిక్కు తగిలింది. పన్ను సున్నా అని చూపించే ఆ కాగితమే ఆదాయం 2,64,000 అని కూడా చూపిస్తుంది. నెలకి 22,000. పట్టణంలో గీత 12,000. ఇంతకాలం ఎవరూ కొలవని ఆదాయాన్ని మా చేతులతో మేమే కొలిచి ఇస్తున్నాం.

ఎవరి ఆదాయం ఎవరి ఖాతాలో

పెద్దకొడుకు తేలిగ్గా అన్నాడు. "తమ్ముడి జీతం సంగతి రాయకండి సార్, మా బిల్డింగులో కారున్నవాళ్లకే కార్డులున్నాయి." అతని కోపం అబద్ధం కాదు. కానీ నేను రాయకుండా వదిలేసే మనిషిని కాదు. నీతి సంగతి అటుంచితే, ఒకసారి సిస్టమ్‌లోకి ఎక్కిన పాన్ దిగదు. దరఖాస్తు మీద స్వయం ప్రకటన ఉంటుంది, దాని కింద సంతకం ఆ తల్లిది. రేపేదైనా అయితే దొరికేది ఆవిడే.

కాబట్టి దాచకుండా ఏం చేయొచ్చో చూశాం. నిజం ఏంటంటే ఆ ఇంట్లో కలిసి తినేది తల్లి, పెద్దకొడుకు, కోడలు, ఇద్దరు పిల్లలు. చిన్నవాడు హైదరాబాద్‌లో వేరే తింటున్నాడు, హాస్టల్‌కీ తిండికీ పోగా నెలకి 5,000 పంపుతాడు. వాళ్ల ఇంటికి సంబంధించినంతవరకూ అతని ఆదాయం ఆ 5,000 మాత్రమే. న్యాయంగా విడగొట్టాలంటే అతని పేరు తీసేసి మిగతా అందర్నీ ఒక కార్డులో ఉంచాలి.

సిస్టమ్‌లో ఆ దారి లేదు. మా దరఖాస్తు నాటికి కార్డులోంచి పేరు తొలగించే అవకాశం చనిపోయినవాళ్లకి మాత్రమే ఉంది. బతికున్న మనిషి బయటికి రావాలంటే పెళ్లి కావాలి. పెళ్లయినవాళ్లు భార్యాపిల్లలతో విడిపోవచ్చు. పెళ్లికాని కొడుకు ఎక్కడున్నా, ఎంత సంపాదించినా తల్లి కార్డులోనే.

దీని ఫలితం కాగితం మీద ఇలా తయారవుతుంది. పక్క గదిలో పడుకునే పెద్దకొడుకు కుటుంబం వేరే ఇల్లు. 250 కిలోమీటర్లకి పైగా దూరంలో ఉన్న చిన్నకొడుకూ తల్లీ ఒకే ఇల్లు.

ఇష్టం లేకపోయినా ఆ దారే పట్టాం. ముందు ఏది చేయాలన్నది ఇక్కడ కీలకం. పరిశీలన రైస్ కార్డులో ఉన్న పేర్లని బట్టి కాకుండా సచివాలయం దగ్గరుండే హౌస్‌హోల్డ్ డేటాని, అంటే ఏ ఇంట్లో ఎవరెవరున్నారన్న రికార్డుని బట్టి నడుస్తుంది. కార్డు ఒక రకంగా, హౌస్‌హోల్డ్ ఇంకో రకంగా ఉంటే హౌస్‌హోల్డ్‌దే పైచేయి. కాబట్టి ముందు అక్కడ పెళ్లి సర్టిఫికెట్‌తో పెద్దకొడుకు కుటుంబాన్ని వేరుచేయించాం. అది ఆమోదం పొందాకే కార్డు విభజన దరఖాస్తు మళ్లీ పెట్టాం. చిన్నపిల్ల పేరు కూడా దాంట్లోనే. తిరగేసి చేస్తే దరఖాస్తు మళ్లీ తమ్ముడి పాన్ దగ్గరే ఆగేది.

తర్వాత వార్డు రెవెన్యూ సెక్రటరీ విచారణకి వచ్చారు. మంచి మనిషి, తొందరపడలేదు. పెద్దకొడుకు కూలీ రోజుకి 450. కరెంటు పోయిన రోజులు, పని లేని రోజులు తీసేస్తే నెలకి 22 రోజులు పడుతుంది. 9,900. కోడలి కుట్టుపని నెలకి 1,500 అటూ ఇటూ. మొత్తం 11,400. గీతకి 600 తక్కువ. పెళ్లిళ్ల సీజన్‌లో బ్లౌజులు ఎక్కువొస్తే ఆ నెల దాటిపోతుంది. ఏ నెల లెక్క తీసుకోవాలో, ఏడాది సగటు తీసుకోవాలో రూలులో నాకు కనబడలేదు. సగటే తీసుకోమని అడిగాం. షాపు యజమాని దగ్గర కూలీ చిట్టాల ఫొటోలు తీసుకుని పెట్టాం. అలాంటివి ఎవరూ పెట్టరు, పెడితే చదువుతారు. తహసీల్దారు లాగిన్‌లో ఆమోదం వచ్చింది. నలుగురి పేర్లతో కొత్త కార్డు, నెలకి 20 కిలోలు.

తల్లికి వందనం ఫిర్యాదు కొత్త మీటరు, కొత్త హౌస్‌హోల్డ్ ఆధారంగా విడిగా పెట్టించాం.

కృష్ణ దాటితే

పల్నాడులో పనిచేసేవాళ్లకి నదికి అవతల ఏం జరుగుతోందో తెలుస్తూనే ఉంటుంది. తెలంగాణలో పరిమితి ఏడాదికి పల్లెల్లో లక్షన్నర, పట్టణాల్లో 2 లక్షలు. నెల లెక్కన పట్టణంలో 16,600 పైమాటే. ఒక్కొక్కరికి 6 కిలోలు. 2025 ఉగాది నుంచి సన్నబియ్యం. అదే పొలం దగ్గరికొస్తే అక్కడ మెట్ట పరిమితి 7.5 ఎకరాలు, మన దగ్గర 10. ఎనిమిదెకరాల మెట్ట ఉన్న రైతు ఇవతల అర్హుడు, అవతల కాదు. 16,000 సంపాదించే ఆటో డ్రైవరు అవతల అర్హుడు, ఇవతల కాదు. ఒకే కేంద్ర చట్టం, ఒకే 10వ సెక్షన్.

చిన్నకొడుకు వాటా 5 కిలోలు హైదరాబాద్‌లో తీసుకోవచ్చు కదా అని నేను మొదట అనుకున్నాను. ఒకే దేశం ఒకే రేషన్ కార్డు కింద 2019 ఆగస్టులో మొదట కలిపిన రాష్ట్రాల్లో ఆంధ్ర, తెలంగాణ ఉన్నాయి. కానీ ఆ సదుపాయం కేంద్ర చట్టం కోటాలో ఉన్న కార్డులకే. వీళ్లది రాష్ట్రం సొంత ఖర్చుతో ఇచ్చే కార్డు. ఇందాక చెప్పిన తేడా ఇదే. పక్కపక్క ఇళ్ల రెండు కార్డుల్లో ఒకటి చార్మినార్ దగ్గర పనిచేస్తుంది, ఇంకోటి పనిచేయదు, కార్డు పట్టుకున్నవాళ్లకి ఎందుకో తెలియదు. వలస వెళ్లేవాళ్ల కేసు పట్టుకునేటప్పుడు ముందు ఇది చూసుకోండి.

ఎక్కడ ఆగింది

పాత కార్డులో ఇప్పుడు ఇద్దరు: తల్లి, చిన్నకొడుకు. నెలకి 10 కిలోలు వస్తున్నాయి. చిన్నవాడి పన్ను ఫిర్యాదులో ఇంటిమేషన్ కాపీ ఇచ్చాం, ఆదాయం కాలమ్ కూడా దాచకుండా. దాని మీద నిర్ణయం రాలేదు. వస్తే పన్ను గీత చెరిగి ఆదాయం గీత పడొచ్చని ఆవిడకి ముందే చెప్పాను. "రానీ నాయనా, పింఛన్ జోలికి రాకపోతే చాలు" అంది. రాదని నేను మాటివ్వలేదు.

ఆహార భద్రతా చట్టం 15వ సెక్షన్ కింద జిల్లాకో ఫిర్యాదుల పరిష్కార అధికారి ఉంటారు, మన దగ్గర జాయింట్ కలెక్టరు. ఆ చట్టం పేరు, సెక్షన్ రాసి అర్జీ ఇచ్చాం. సోమవారం గ్రీవెన్స్‌లో తెల్లకాగితం మీద రాసిచ్చే అర్జీకీ దీనికీ తేడా ఉంది. సెక్షన్ రాసి ఇచ్చినదాన్ని కాదంటే, దానిపైన రాష్ట్ర ఆహార కమిషన్‌కి వెళ్లే దారి ఉంటుంది. అడిగింది రెండు. తల్లిని పెద్దకొడుకు కార్డులో చేర్చండి, ఆమె తినేది అక్కడే కాబట్టి. చిన్నకొడుకు మూడేళ్లుగా వేరే రాష్ట్రంలో ఉంటున్నాడు, ఆధార్ చిరునామా కూడా అక్కడికే మార్చుకున్నాడు కాబట్టి అతని పేరు తొలగించండి. అతనికి బియ్యం అక్కర్లేదని అతనే సంతకం చేసిచ్చాడు. హాస్టల్ రసీదులు, చుట్టుపక్కల వాళ్ల వాంగ్మూలాలు జత చేశాం.

అర్జీ పెండింగ్‌లో ఉంది. పోర్టల్‌లో అలాంటి ఆప్షన్ లేదని, పైనుంచి ఇస్తేనే చేయగలమని కింది ఆఫీసు నుంచి ఒక రిపోర్టు వెళ్లిందట. ఈలోపు సచివాలయంలో కంప్యూటర్ దగ్గర కూర్చునే అబ్బాయి ఆవిడకి వేరే సలహా ఇచ్చాడు. చిన్నవాడికి పెళ్లి చేసెయ్యమ్మా, స్ప్లిట్ ఆప్షన్ దానంతటదే వస్తుంది అని. సంబంధాలు చూస్తున్నారు.